హనుమాన్ జంక్షన్‌ని పుట్టించింది హైవే కాదు

విజయవాడ నుంచి ఏలూరు వెళ్లేవాళ్లలో చాలామందికి హనుమాన్ జంక్షన్ అంటే బస్సు ఐదు నిమిషాలు ఆగే చోటు, అంతే. ఆ ఊరి చరిత్ర గురించి ఎవరితోనైనా మాట్లాడదామంటే "దానికి చరిత్రేముంది, నాలుగు రోడ్లు కలిశాయి, నాలుగు హోటళ్లు వెలిశాయి, హైవే వల్ల పుట్టిన ఊరు, ఇప్పుడు బైపాస్ వచ్చేసింది కాబట్టి మెల్లగా పడిపోద్ది" అంటారు. బాగా చదువుకున్నవాళ్లు కూడా ఇదే మాట అంటారు. నాకు అస్సలు ఒప్పుకోబుద్ధి కాదు. అక్కడ ఒక సెంటర్ ఏర్పడటానికి అసలు కారణం నేల, హైవే ఆ తర్వాత సంగతి. ఇది అర్థం కాకపోతే ఆ ఊరికి ఇప్పుడు ఏం కావాలో కూడా అర్థం కాదు, అందుకే కాస్త వివరంగా రాస్తున్నా.

విజయవాడ నుంచి సుమారు 40 కిలోమీటర్లు, ఏలూరు నుంచి ఇరవై పైచిలుకు. ఏలూరు వైపు ముఖం పెట్టి సెంటర్లో నిలబడితే ఎడమ చేతి వైపు రోడ్డు నూజివీడు పోతుంది, కుడి చేతి వైపుది గుడివాడ. రెండూ ఇంచుమించు ఇరవై కిలోమీటర్లే, కానీ ఆ రెండు దిక్కులూ రెండు వేరే లోకాలు. నూజివీడు వైపు నాలుగైదు కిలోమీటర్లు పోయేసరికి నేల రంగు మారిపోతుంది, ఎర్రటి నేల, మామిడి తోటలు, మొక్కజొన్న, ఆయిల్ పామ్, నీళ్లంటే చెరువు లేదా బోరు. గుడివాడ వైపు పోతే నల్ల రేగడి, కాలువలు, కనుచూపు మేర వరి, ఇంకా కిందకి పోయేకొద్దీ చేపల చెరువులు, ఆ పక్కన కొల్లేరు. ఇటు మెట్ట, అటు పల్లం. ఆ రెండూ ఒకదాన్నొకటి తాకే అంచు మీద కూర్చుని ఉంది జంక్షన్. నిజానికి ఆ అంచు విజయవాడ నుంచి ఏలూరు దాకా, ఇంకా పైకి కూడా పోతుంది, మన హైవే దాదాపు దాని వెంబడే నడుస్తుంది.

ఆ అంచు వెంబడే ఎందుకు నడుస్తుందో చూడండి, అసలు కథ అక్కడే ఉంది. 1832-33లో గుంటూరు ప్రాంతాన్ని ఊడ్చేసిన డొక్కల కరువు తర్వాత, కృష్ణ మీద విజయవాడ దగ్గర ఆనకట్ట కట్టాలన్న ఆలోచన గట్టిపడి, 1855 నాటికి ఆనకట్ట పూర్తయింది (ఇప్పుడున్న ప్రకాశం బ్యారేజీ కాదు, ఆ పాతది 1952లో గండి పడితే 1957లో బ్యారేజీ వచ్చింది). ఆనకట్ట నుంచి ఎడమ పక్కకి తీసిన కాలువల్లో ఒకటి ఏలూరు కాలువ. కాలువ తవ్వే ఇంజినీరుకి ఒకటే లెక్క, కింద ఎంత ఎక్కువ పొలం తడవాలంటే కాలువ అంత ఎత్తు మీద నుంచి పోవాలి. అంటే పల్లానికి పై అంచు పట్టుకుని పోవాలి. ఏలూరు కాలువ అలాగే గన్నవరం మీదుగా, జంక్షన్‌కి దక్షిణంగా పోయి ఏలూరు దగ్గర గోదావరి కాలువల్ని అందుకుంటుంది. ఒకప్పుడు దాంట్లో సరుకు పడవలు తిరిగేవి, రెండు డెల్టాల మధ్య ఇదే పెద్ద దారి. 2008లో కేంద్రం ప్రకటించిన జాతీయ జలమార్గం 4లో ఈ కాలువ కూడా ఒక ముక్క, అంటే కాగితం మీద ఇప్పటికీ అది పడవల దారే.

తర్వాత రైలు వచ్చింది. ఈస్ట్ కోస్ట్ స్టేట్ రైల్వే వాళ్లు విజయవాడ నుంచి కటక్ దాకా 1893కీ 1896కీ మధ్య లైను వేశారు. వాళ్లకీ అదే ఆలోచన. ఇంకా కిందకి దిగితే వానాకాలం బుడమేరు, రామిలేరు, తమ్మిలేరు ఇవన్నీ మెట్ట మీద నుంచి దిగి కొల్లేటిలో పడే దారిలో నేలంతా నీళ్లు, ఇంకా పైకి ఎక్కితే ఎగుడుదిగుడు, కాబట్టి అంచు పట్టుకుని పోవడమే తెలివి. మద్రాసు నుంచి కలకత్తా పోయే పాత గ్రేట్ నార్తర్న్ ట్రంక్ రోడ్డు కూడా బెజవాడ నుంచి ఏలూరుకే పోయేది, అదే తర్వాత ఎన్‌హెచ్ 5 అయ్యింది, 2010లో నంబర్లు మార్చాక ఎన్‌హెచ్ 16. ఇక మన కళ్ల ముందే వచ్చింది పోలవరం కుడి కాలువ, 2015లో పట్టిసీమ నీళ్లు ముందు దాంట్లోనే పారాయి, అది కూడా ఇదే దిక్కుగా, కొంచెం ఎగువన, నూజివీడు రోడ్డుని అడ్డంగా కోసుకుంటూ పోతుంది. కాలువ, రైలు, రోడ్డు, మళ్లీ కాలువ. నూట అరవై ఏళ్లలో నాలుగు సార్లు నాలుగు వేర్వేరు డిపార్ట్‌మెంట్ల ఇంజినీర్లు వచ్చి నేలని చూసి, దాదాపు ఒకే నిర్ణయం తీసుకున్నారు.

కానీ ఒకే దిక్కుగా పోయే దారులు ఎన్ని ఉన్నా కూడలి తయారవదు కదా. తేలప్రోలు కూడా అదే లైను మీద ఉంది, వట్లూరు కూడా ఉంది. అడ్డంగా ఇంకో దారి కావాలి, దాని మీద రోజూ నడిచే మనుషులకి ఒక అవసరం ఉండాలి. ఆ అవసరం ఏంటంటే మెట్టకి బియ్యం, గడ్డి, చేప కావాలి, పల్లానికి మామిడి, కర్ర, పప్పులు, పశువులు కావాలి. నూజివీడు నుంచి గుడివాడ, ఆపైన బందరు రేవు, ఈ దారిలో సరుకు కిందకీ పైకీ తిరుగుతూనే ఉండాలి. ఆ దారి ఇప్పుడు ఎన్‌హెచ్ 216హెచ్, పెడన దగ్గర మొదలై గుడివాడ, జంక్షన్, నూజివీడు, విస్సన్నపేట మీదుగా లక్ష్మీపురం దాకా పోతుంది. నంబరు ఈమధ్యే ఇచ్చారు గానీ దాని మీద నడిచిన బండ్లకి ఏ నంబరూ అక్కర్లేకపోయింది.

దీనికి నేను చూపించే అన్నిటికన్నా పెద్ద సాక్ష్యం రైల్వే స్టేషన్. ఇక్కడ ఆగే రైలు దిగి బోర్డు చూడండి, "నూజివీడు" అని ఉంటుంది. నూజివీడు ఊరు అక్కడికి ఇరవై కిలోమీటర్ల దూరంలో ఉంది. కొత్తగా వచ్చినవాళ్లు నూజివీడు ట్రిపుల్ ఐటీకని టికెట్ తీసుకుని ఇక్కడ దిగి, అక్కడి నుంచి బస్సో ఆటోనో వెతుక్కుంటారు. రైలు వేసేటప్పుడు ఈ చుట్టుపక్కల పేరున్న చోటు నూజివీడు, పెద్ద జమీందారీ కేంద్రం అది, మేకా వారి అప్పారావుల సంస్థానం. లైను మెట్ట ఎక్కలేదు కాబట్టి నూజివీడే స్టేషన్ దగ్గరికి దిగి రావాల్సి వచ్చింది. జమీందారు మనుషులు, మామిడి బుట్టలు, కచేరీ కాగితాలు అన్నీ ఆ రోడ్డు మీద దిగి ఇక్కడ రైలు ఎక్కాల్సిందే. ఇక ఆ చోట సత్రమో కాఫీ హోటలో బండ్ల అడ్డానో లేకుండా ఎలా ఉంటుంది?

ఆంజనేయస్వామి గుడి సంగతి కూడా అలాగే చూడాలి. అప్పనవీడు అభయాంజనేయస్వామి గుడి, దాన్ని బట్టే జంక్షన్‌కి ఆ పేరు. నూజివీడు జమీందారు వేటకో ప్రయాణానికో వచ్చి ఇక్కడ అలిసిపోతే కోతి రూపంలో స్వామి ఆదుకున్నాడని, అందుకే గుడి కట్టించాడని పెద్దవాళ్లు చెప్తారు, ఒక్కో ఇంట్లో ఒక్కో రకంగా. కథలో ఏ వివరం నిజమో తేల్చడం నా ఉద్దేశం కాదు. ఏ ఇంట్లో చెప్పినా రెండు సంగతులు మాత్రం మారవు, కట్టించింది నూజివీడు జమీందారు, ఆయన ఈ దారిన వస్తూ పోతూ ఉన్నాడు. ఒక ఊరు తన పుట్టుక గురించి ఇలాంటి కథ చెప్పుకుంటోందంటే దాని జ్ఞాపకం హైవే కంటే ఆ అడ్డ రోడ్డుకే ఎక్కువ అంటుకుని ఉందని నేను నమ్ముతున్నా. లారీ డ్రైవర్లు గుడి ముందు స్లో చేసి దణ్ణం పెట్టుకుని పోవడం తర్వాత కలిసిన అలవాటు.

మా ఇంటి సంగతి ఒకటి చెప్తా. మాది నూజివీడు వైపు, మా మేనత్తని ఇచ్చింది గుడివాడ కింద పల్లంలో. మెట్టవాళ్లు పల్లానికి పిల్లనివ్వడం మామూలే, వరి పండే ఇంట్లో అన్నానికి లోటుండదని. మా చిన్నప్పుడు ఏడాదికి రెండు సార్లు మా నాన్న, మా అత్త జంక్షన్‌లో కలుసుకునేవాళ్లు, ఒకరింటికి ఒకరు పోవాలంటే ఒక రోజు పని పోతుంది, జంక్షన్ అయితే ఇద్దరికీ సగం దూరం. మేలో నాన్న గడ్డి పరిచిన బుట్టలో రసాలు తెచ్చేవాడు, సంక్రాంతి ముందు అత్త బస్సు టాప్ మీద కొత్త బియ్యం బస్తా వేసుకొచ్చేది, ఒక్కోసారి ఉప్పు పట్టించిన చేపలు కూడా. గుడివాడ బస్సు ఆగే చోట ఒక కూల్ డ్రింక్ కొట్టు పక్కన నిలబడి మాట్లాడుకునేవాళ్లు. "ఏరా తమ్ముడూ, ఈసారి రసాలు ఇంతేనా, మీ బావ లెక్కపెడతారు మళ్లీ" అని అత్త అంటే "పూత మంచుకి మాడిపోయిందక్కా, ఉన్నకాడికి తెచ్చా, కలెక్టర్ కాయలైతే ఇంకో బుట్ట తెచ్చేవాణ్ణి, నువ్వు పచ్చడికి వద్దంటావు" అని నాన్న. కాలవకి నీళ్లు వదిలారా, అప్పు తీరిందా, పిల్లకి సంబంధం చూస్తున్నారా, ఇవన్నీ అక్కడే నిలబడి అరగంటలో అయిపోయేవి. చుట్టూ చూస్తే మాలాంటి కుటుంబాలే, ఒకరి చేతిలో బుట్ట, ఇంకొకరి చేతిలో సంచి. నాకు తెలిసిన జంక్షన్ అది. అక్కడ హైవే మీద పోయేవాళ్లు మమ్మల్ని చూసుండరు, వాళ్ల పాటికి వాళ్లు టీ తాగి పోయేవాళ్లు.

ఇప్పుడు హద్దుల గొడవకి వద్దాం, ఎందుకంటే ఈ ఊరికి జరిగిన నష్టమంతా దాంట్లోనే ఉంది. 1925లో పాత కృష్ణా జిల్లాని చీల్చి ఏలూరు కేంద్రంగా పశ్చిమ గోదావరి జిల్లా చేశారు. ఆ గీత ఇక్కడి నుంచే పోయింది. బాపులపాడు, పెరికీడు ఒక జిల్లా, సెంటర్ దాటి నాలుగు అడుగులేస్తే అప్పనవీడు, అది ఇంకో జిల్లా. అప్పటికి ఇక్కడ ఇన్ని ఇళ్లు లేవు కాబట్టి గీసినవాళ్లని నేను తప్పుపట్టను. కానీ ఆ తర్వాత ఊరు గీతకి రెండు వైపులా పెరిగి కలిసిపోయింది, గీత మాత్రం వందేళ్లు గడిచినా అలాగే ఉంది. 2022 ఏప్రిల్ 4న జిల్లాలు మళ్లీ విడగొట్టారు, 13 కాస్తా 26 అయ్యాయి. లోక్‌సభ నియోజకవర్గం లెక్కన చేశారు కాబట్టి నూజివీడు ఏలూరు జిల్లాలోకి పోయింది, బాపులపాడు మండలం గన్నవరంతో పాటు కృష్ణాలోనే ఉండిపోయింది. ఇప్పుడు జంక్షన్‌లో నిలబడి తూర్పుకి పోయినా ఏలూరు జిల్లా, ఉత్తరానికి నూజివీడు పోయినా ఏలూరు జిల్లా, గుడివాడ పోతే కృష్ణా, విజయవాడ పోతే ఎన్టీఆర్ జిల్లా. నాలుగు రోడ్ల ఊరికి మూడు జిల్లాలు. జంక్షన్‌లో ఉండే మనిషికి కలెక్టరేట్ బందరులో, దగ్గర్లో ఉన్న జిల్లా కేంద్రం ఏమో ఏలూరు. గన్నవరాన్ని ఎన్టీఆర్ జిల్లాలో కలపాలన్న డిమాండ్ తరచూ వినిపిస్తుంటుంది, నూజివీడు విషయంలోనూ ఏదో ఒక మాట నడుస్తూనే ఉంటుంది. జంక్షన్ గురించి మాత్రం ఎవరూ మాట్లాడరు, ఎందుకంటే ఏ జిల్లా మ్యాప్‌లో చూసినా అది చిట్టచివర ఉంటుంది, రెండు మ్యాపులు పక్కపక్కన పెడితే గానీ మధ్యలో ఉన్నట్టు కనపడదు.

దీనివల్ల ఏమవుతుందో దుకాణం పెట్టుకున్నవాళ్లని అడగండి. రోడ్డుకి ఈ పక్క ఒక పంచాయతీ, ఆ పక్క ఇంకో పంచాయతీ, కొంచెం ముందుకెళ్తే జిల్లా మారి మూడో పంచాయతీ. మురుగు కాలువ ఒకరు కడితే తర్వాతి హద్దు దగ్గర ఆగిపోతుంది, నీళ్లకి హద్దు తెలియదు కదా, అవి పోయి పల్లంలో ఉన్నవాళ్ల గుమ్మంలో నిలుస్తాయి. చెత్త బండి ఈ వీధికి వస్తుంది, ఎదురు వీధికి రాదు. సెంటర్లో ఆడవాళ్లకి ఒక శుభ్రమైన బాత్రూం ఎవరు కట్టాలి, ఎవరు నడపాలి? రోజూ నాలుగు దిక్కుల నుంచి ఇంతమంది బస్సు మారే చోట ఈ ప్రశ్నకి ఒక్కరే జవాబు చెప్పాల్సినవాళ్లు లేకపోవడం నాకు నిజంగా బాధగా ఉంటుంది. ఎవరో పని చేయట్లేదని కాదు నా ఫిర్యాదు, ఈ ఊరు మొత్తాన్ని ఒక ఊరుగా చూడాల్సిన బాధ్యత ఏ ఒక్క సంస్థకీ లేదని.

"బైపాస్ వచ్చింది, ఇక ఇదంతా ఎందుకు" అనే వాదన ఉంది కదా, దాన్ని కూడా చూద్దాం. ఆరు లైన్ల విస్తరణలో హైవే జంక్షన్‌ని తప్పించి పక్కనుంచి పోయింది. పొట్టిపాడు టోల్‌గేట్ దగ్గర కట్టి, కలపర్రు టోల్‌గేట్ దగ్గర మళ్లీ కట్టి, మధ్యలో ఊరు ఉందని కూడా తెలియకుండా కార్లు పోతున్నాయి. లారీల మీద, దూరం బస్సుల మీద బతికిన హోటళ్లకి, పంక్చర్ షాపులకి దెబ్బ తగిలింది, ఆ కుటుంబాల కష్టం చిన్నది కాదు. కానీ ఊరు పడిపోయిందా? సాయంత్రం పూట వెళ్లి చూడండి. గుడివాడ షేర్ ఆటోలు, నూజివీడు బస్సులు, ఎరువుల కొట్లు, ట్రాక్టర్ స్పేర్ పార్టులు, బట్టల షాపులు, ఆసుపత్రులు, వేసవిలో మామిడి, చేపల లోడు. ఈ వ్యాపారమంతా ఆ అడ్డ రోడ్డుది, మెట్ట రైతుదీ పల్లం రైతుదీ. మద్రాసు నుంచి కలకత్తా పోయేవాడు ఆగకపోతే పోయేది టీ బేరం, బాపులపాడు రైతు పురుగు మందుకి ఇంకెక్కడికో పోడు కదా. హైవే వల్లే పుట్టిన ఊరైతే హైవే పక్కకి జరగగానే ఖాళీ అయ్యేది. ఈ ఒక్క సంగతి చాలు నా వాదనకి.

పైగా కొత్త బరువు కూడా పడుతోంది. జంక్షన్‌కి దగ్గర్లోనే మల్లవల్లిలో వెయ్యి ఎకరాలకు పైగా ఉన్న ఇండస్ట్రియల్ పార్కు, అక్కడ అశోక్ లేలాండ్ బస్సుల ఫ్యాక్టరీ 2025 మార్చిలో మొదలైంది. పక్కనే గన్నవరం ఎయిర్‌పోర్టు. ఉద్యోగాలకి వచ్చే పిల్లలు అద్దెకి ఉండేది ఎక్కడ, సాయంత్రం సరుకులు కొనుక్కునేది ఎక్కడ? జంక్షన్‌లోనే. అపార్ట్‌మెంట్లు లేస్తున్నాయి, ప్లాట్ల బోర్డులు పొలాల మధ్యకి పోయాయి. దీన్ని మూడు పంచాయతీలు విడివిడిగా మోయగలవా?

నేను అడిగేది ఇది. 74వ రాజ్యాంగ సవరణ వచ్చినప్పుడే, పల్లె నుంచి పట్టణంగా మారుతున్న చోట్లకి నగర పంచాయతీ అనే ఏర్పాటు రాసి పెట్టారు, ఆర్టికల్ 243క్యూలో ఉంది. జనాభా, జనసాంద్రత, స్థానిక ఆదాయం, వ్యవసాయం కాని పనుల్లో ఉన్నవాళ్ల శాతం చూసి ప్రభుత్వం నిర్ణయించవచ్చు. జంక్షన్ కంటే దీనికి సరిపోయే చోటు ఈ చుట్టుపక్కల నాకు కనపడటం లేదు. అడ్డు జిల్లా హద్దు ఒక్కటే, రెండు జిల్లాల్లో కాళ్లు పెట్టిన చిన్న పట్టణ సంస్థని నడపడం తేలిక కాదు. కానీ 1974 నాటి జిల్లాల ఏర్పాటు చట్టంతోనే 2022లో రాష్ట్రం మొత్తం హద్దులు మార్చారు, అదే చట్టంతో ఒక చిన్న ముక్క అటో ఇటో జరపడం పెద్ద పనేం కాదు. ఏ జిల్లాలోకి అన్నది నాకు పట్టింపు లేదు. కృష్ణా అయినా సరే, ఏలూరు అయినా సరే, అంతా ఒక్క చోట ఉండాలి.

ఎదురు వాదన ఒకటి గట్టిదే ఉంది, దాన్ని తేలిగ్గా తీసిపారేయలేం. నగర పంచాయతీ అయితే ఇంటి పన్ను పెరుగుతుంది, ఉపాధి హామీ పనులు పోతాయి, అవి పల్లెలకే కదా. పెరికీడులోనో అప్పనవీడులోనో వేసవిలో ఉపాధి పనికి పోయి ఇల్లు నడుపుకునే ఆడమనిషికి పట్టణ హోదా ఇచ్చి మీరేం చేస్తారని అడిగితే నా దగ్గర పూర్తి జవాబు లేదు. రాష్ట్రంలో చాలా చోట్ల విలీనం అనగానే పల్లెలు ఎదురుతిరిగింది ఇందుకే, వాళ్ల కోపంలో న్యాయం ఉంది. అందుకే మొత్తం రెవెన్యూ గ్రామాలు కలపొద్దంటాను. సెంటర్ చుట్టూ ఆనుకుని ఉన్న ఇళ్లు, దుకాణాలు, స్టేషన్ రోడ్డు, ఈ కొత్త లేఅవుట్లు, ఇంత వరకే గీసి, పొలం పని చేసుకునే వాడల్ని పంచాయతీల్లోనే ఉంచాలి. అది కుదరదంటే కనీసం మురుగు, చెత్త, మంచినీళ్లు, బస్సులు ఆగే చోటు, ఈ నాలుగింటికి ఒక ఉమ్మడి ప్లాన్ వేసి, దానికి ఒక అధికారి పేరు రాయాలి.

కత్తిపూడి దగ్గర ఎన్‌హెచ్ 216 వచ్చి ఎన్‌హెచ్ 16లో కలుస్తుంది, నార్కట్‌పల్లి దగ్గర అద్దంకి రోడ్డు విడిపోతుంది, ఆ రోడ్డే పోయి మేదరమెట్ల దగ్గర ఎన్‌హెచ్ 16ని అందుకుంటుంది. ఇలాంటి కూడళ్లు రెండు రాష్ట్రాల్లో బోలెడున్నాయి, ఒక్కోదాని వెనక ఒక్కో నేల కథ ఉంటుంది, ఎవరి ఊరి సంగతి వాళ్లు రాస్తే బాగుండు అనిపిస్తుంది, నాకు తెలిసింది జంక్షన్ కాబట్టి అది రాశాను.

పంచాయతీ ఎన్నికలు మన దగ్గర జరిగింది 2021 ఫిబ్రవరిలో, ఐదేళ్ల గడువు 2026 దాకే. కొత్తగా ఓట్లు అడగడానికి వచ్చే ప్రతి మనిషినీ, ఏ పార్టీ అయినా సరే, బాపులపాడులో అయినా అప్పనవీడులో అయినా, ఒక్కటే అడగండి: మీ హద్దులో మీరు కట్టే మురుగు కాలువ అవతలి పంచాయతీలోకి పోయాక ఎక్కడ కలుస్తుంది, దాని గురించి ఆ పంచాయతీ వాళ్లతో ఎప్పుడు మాట్లాడారు? జవాబు కాగితం మీద రాసిమ్మనండి.